పాత చింతకాయపచ్చడి

మొన్న ఉగాదికి మన సంఘం వారు జరిపిన సాహిత్యగోష్ఠిని గూర్చి ఒక సమీక్ష వ్రాసి పంపమని సంపాదకులు కోరారు. ఎవరు బాగా చదివారు, ఎవరు చదవలేదు అని పేర్లు పెట్టి వ్రాస్తే వచ్చే పిక్నిక్కులో నా పక్కన కూర్చొనేవారెవరూ ఉండరు. అందుచేత కవుల జోలికి పోకుండా, ఆ సాయంకాలం వేదిక మీద వినబడిన రెండు మాటలను మాత్రం పట్టుకొని నాకు తోచిన నాలుగు ముక్కలు వ్రాస్తున్నాను. రెండూ చింతచెట్టుకు సంబంధించినవే కావడం కాకతాళీయం.

మొదటిది విమర్శ. మనలోకి కొత్తగా వచ్చిన ఒక యువమిత్రుడు ఇక్కడి తెలుగువారి రచనలను గురించి మాట్లాడుతూ "అంతా పాత చింతకాయపచ్చడి" అని ఒక్క ముక్కలో తేల్చివేశారు. చప్పట్లు బాగా పడ్డాయి. రెండవది పద్యం. శ్రీనాథుడిదని లోకం చెప్పుకొనే ఒక చాటువును మరొక మిత్రుడు రాగయుక్తంగా చదివి, తాత్పర్యం చెప్పి, కడుపుబ్బ నవ్వించారు. ఆరు నెలలుండి వెళదామని వచ్చిన మా అమ్మ శాలువా కప్పుకొని మొదటి వరుసలో కూర్చొని ఉంది. మాది పలనాడు. ఈ రెండు సంగతులూ పాఠకులు గుర్తుంచుకోవాలి.

ముందు పచ్చడి సంగతి. ఒక రచనలో కొత్తదనం లేదనడానికి తెలుగు విమర్శకుడు ఈ మాట వాడినంతగా మరొక మాట వాడడు. వాడేవారిలో ఎంతమంది ఆ పచ్చడిని పెట్టి ఎరుగుదురో నాకు సందేహమే. మార్గశిరం, పుష్యం నెలల్లో గింజ ఇంకా గట్టిపడని పచ్చి చింతకాయలు కోయించి, కడిగి, తడి ఆరబెట్టి, ఉప్పూ పసుపూ వేసి రోట్లో తొక్కి జాడీకెత్తుతారు. మూడోనాడు తీసి పెచ్చులూ ఈనెలూ గింజలూ ఓపికగా ఏరివేసి మళ్ళీ తొక్కుతారు. అప్పుడు అది పచ్చడి కాదు, పచ్చడికి ముడిసరుకు. కావలసినప్పుడు కావలసినంత తీసి, మిరపకాయలూ మెంతులూ ఇంగువా పోపు పెట్టి నూరుకొంటేనే పచ్చడి. మొదటి ఏడు ఆకుపచ్చగా ఉంటుంది, నాలుక మీద పొగరుగా ఉంటుంది. ఏళ్ళు గడిచినకొద్దీ రంగు ముదిరి నల్లబడుతుంది. పొగరు తగ్గి రుచి నిలబడుతుంది. జ్వరం తగ్గి లేచినవారికీ బాలింతలకూ పథ్యం పెట్టేది ఈ పాతదాన్నే గాని కొత్తదాన్ని కాదు. మా ఇంట్లో పాత జాడీ ఉన్నదని తెలిసి ఇరుగుపొరుగు వాళ్ళు గిన్నె పట్టుకొని వచ్చేవారు. కొత్త జాడీ కోసం ఎవరూ వచ్చిన జ్ఞాపకం లేదు.

కాబట్టి ఒకరి వ్యాసాన్ని పాత చింతకాయపచ్చడి అన్నారంటే, పచ్చడి ఎరిగినవారు దాన్ని మెప్పుగా తీసుకొనే ప్రమాదం ఉంది. మన రచనల్లో నిజంగా ఉన్న లోపం వేరు. చాలా వాటిలో మూడోనాటి పని జరగలేదు. తొక్కి జాడీకెత్తి అక్కడితో ఊరుకొన్నాం. పెచ్చులు పంటి కింద పడుతున్నాయి. ఆ యువమిత్రుడు "ఈనెలు తీయని పచ్చడి" అని ఉంటే నేనూ చప్పట్లు కొట్టేవాణ్ణి, నా వ్యాసాలు అందులో ముందు వరుసలో ఉన్నా సరే.

మన అలంకారశాస్త్రానికి వంటింటితో చుట్టరికం పాతది. ద్రాక్షాపాకం, కదళీపాకం, నారికేళపాకం అని మూడు పాకాలు బడిలో చదువుకొన్నాం. కవిత్వం నోట్లో పెట్టుకోగానే కరగడం, తొక్క ఒలుచుకొని తినడం, టెంకాయ కొట్టి నీళ్ళు తీయడం. మూడూ తీయని వస్తువులే. పులుపుకు చోటు లేదు కదా అని నేను చాలా కాలం అనుకొనేవాణ్ణి. అది నా చదువు తక్కువ కావడం వల్ల. క్రీస్తుశకం 900 ప్రాంతం వాడైన రాజశేఖరుడు తన కావ్యమీమాంసలో మూడు కాదు, తొమ్మిది పాకాలు చెప్పాడు. వేప, రేగు, ద్రాక్ష, వంకాయ, చింత, మామిడి, పోక, దోస, కొబ్బరి. మొదట ఎలా ఉంటుంది, చివరకు ఎలా తేలుతుంది అన్నది ఆయన కొలత. వేప మొదలూ చివరా కూడా రుచించదు. ద్రాక్ష మొదట రుచించదు గాని చివరకు రుచిస్తుంది. కొబ్బరి మొదటినుంచి చివరిదాకా రుచే. చింతపాకం మొదలూ మధ్యమమే, చివరా మధ్యమమే.

మధ్యమం అన్నందుకు చింత తరఫున నొచ్చుకోబోయాను. కాని తరువాతి మాట చూడండి. ఈ తొమ్మిదింటిలో వేప, వంకాయ, పోక పాకాలను వదిలివేయమన్నాడు. ద్రాక్ష, మామిడి, కొబ్బరి పాకాలను గ్రహించమన్నాడు. రేగు, చింత, దోస పాకాలకు మాత్రం మూడవ తీర్పు ఇచ్చాడు. అవి సంస్కరించదగినవి. అంటే పారవేయవద్దు, ఉన్నది ఉన్నట్లు నెత్తిన పెట్టుకోవద్దు, పని చేసి బాగుచేసుకోమని. (వంకాయను ఎందుకు వెళ్ళగొట్టాడో అని మన ఆడవారు అడగవచ్చు. ఆయన కనౌజులో ఆస్థానకవి. గుత్తివంకాయ కూర ఎరిగి ఉండడు.)

వెయ్యేళ్ళు దాటిన ఈ తీర్పు మన సంఘం కవులకూ కథకులకూ సరిగ్గా సరిపోతుందని నా అభిప్రాయం. మనలో ద్రాక్షాపాకం వారు లేరు. వేపపాకం వారు ఒకరిద్దరు ఉన్నారేమో, పేర్లు చెప్పనని ముందే అన్నాను. తక్కినవాళ్ళమంతా చింతపాకమే. పగలు ఆసుపత్రిలోనో ఇంజనీరింగు ఆఫీసులోనో పని చేసి, రాత్రి పిల్లలు నిద్రపోయాక రెండు పేజీలు వ్రాసేవాళ్ళం. మాకు కావలసింది చప్పట్లూ కాదు, ఒక్క ముక్కలో కొట్టివేయడమూ కాదు. ఈనె ఎక్కడ ఉందో వేలు పెట్టి చూపించేవారు కావాలి.

కనుక నేను ఒక ఈనె చూపిస్తాను. ఆ సాయంకాలం చదివిన ఉగాది కవితలన్నిటిలోనూ కోయిల కూసింది, మావి చిగురు తొడిగింది, షడ్రుచులు జీవితానికి ప్రతీకలయ్యాయి. బయట మోకాలి లోతు మంచు. అది సరే, మనసులో ఉన్న ఊరిని వ్రాసుకొంటారు, తప్పు లేదు. నా అభ్యంతరం షడ్రుచుల లెక్క మీద. పులుపు వచ్చేసరికి ప్రతి కవీ మామిడికాయ పేరే చెప్పారు. ఉగాది పచ్చడి చేసినవారిని అడగండి. మామిడి ముక్కలు పైన తేలుతాయి. కింద అన్నిటినీ కలిపి పట్టుకొని ఉన్నది కొత్త చింతపండు పిసికిన రసం. బెల్లం కరిగేది అందులో, వేపపువ్వు నానేది అందులో. మాఘఫాల్గుణాల్లో చెట్టు దులిపి, ఒలిచి, ఎండబెట్టిన కొత్తపండు కుండల్లో పడ్డాకే మా ఊళ్ళో ఉగాది వచ్చేది. అన్ని కవితలు విన్నాను, ఒక్కదానిలోనూ దాని ఊసు లేదు. పుస్తకంలోని ఉగాదిని చూసి ఉగాది కవిత వ్రాస్తే ఇలాగే ఉంటుంది. పాతదనం తప్పు కాదు. చూడకుండా వ్రాయడం తప్పు.

ఇక చాటువు.

శ్రీనాథుడివని చెప్పుకొనే చాటువులన్నీ ఆయనవేనని ఎవరూ రుజువు చేయలేరు. వేటూరి ప్రభాకరశాస్త్రిగారు చాటుపద్యమణిమంజరిలో ఊరూరా వినబడే ఇటువంటి పద్యాలను పోగుచేసి దాచిపెట్టకపోతే సగం ఈపాటికి మనకు దక్కేవి కావు. పలనాటి మీద చెప్పినవి అందరి నోటా ఉన్నవే. మిత్రుడు చదివింది వాటిలో ఒకటిగా చెప్పుకొనేది. కృష్ణుడితో కవి సవాలు చేస్తాడు. పూతన చనుబాలు తాగానని, కార్చిచ్చు మింగానని గర్వపడుతున్నావేమో, చింతచిగురు వేసి వండిన బచ్చలికూరతో జొన్నకూడు ఒక్క ముద్ద మింగి చూపించు, నీ పస తెలుస్తుంది అంటాడు. విషం, నిప్పు, ఆ తరువాత ఒక ముద్ద. మెట్లు ఎక్కించి ఎక్కించి ఒక్కసారి కంచం ముందు కూర్చోబెట్టాడు. నేర్పు అంతా అందులో ఉంది. చింత అనకుండా తింత్రిణి అనే సంస్కృత శబ్దం వాడడంలో ఇంకొంత ఉంది. పేద కూరకు పట్టుపంచె కట్టించి, ఆ వెంటనే జొన్నకూడు అని తెలుగు మాట వేసి పంచె లాగేశాడు. నవ్వు ఆ లాగడంలో పుడుతుంది. నవ్వవలసిన చోట నవ్వకపోవడం విమర్శ అనిపించుకోదు. నేనూ నవ్వాను.

ఇంటికి వచ్చేటప్పుడు కారులో అమ్మ అడిగింది.

"ఏరా, ఆయన చింతచిగురు బచ్చలి తినలేకపోయాడంటగా?"

"అవునమ్మా."

"జొన్నన్నంలోకి?"

"ఆఁ."

కాసేపు కిటికీలోనుంచి మంచును చూసి, "ఎవరింట్లో తిన్నాడంట?" అంది.

నాకు సమాధానం తోచలేదు. ఇన్నేళ్ళుగా ఈ పద్యం వింటున్నాను, చదువుతున్నాను, నలుగురికీ చదివి వినిపించాను కూడా. ఛందస్సు చూశాను, అధిక్షేపం చూశాను, చమత్కారం చూశాను. ఎవరింట్లో తిన్నాడన్న ప్రశ్న నాకు ఎన్నడూ రాలేదు. నేను చదివిన వ్యాఖ్యల్లో వ్రాసినవారికీ వచ్చినట్లు లేదు. కాని పద్యంలో ఆ ఇల్లు ఉంది. కొంచెం ఆగి చూస్తే కనబడుతుంది.

చింత చిగిర్చేది ఎండాకాలం మొదట్లో. మెట్టనేలలో అప్పటికి తక్కిన ఆకుకూరలు ఎండిపోయి ఉంటాయి. చిగురు చేతికందే ఎత్తులో ఉండదు. కొమ్మలెక్కాలి, లేదా దోటి వేసి వంచాలి. ఆకు చిన్నది, ఒక పూట కూరకు గంటసేపు దూయాలి. దూసినదాన్ని రెండు అరచేతుల మధ్య నలిపి, చెరిగి, ఈనెలూ పుల్లలూ పోగొట్టాలి. బచ్చలికి జిగురు ఉంటుంది, దాని మీదికి పులుపు పడితే గాని నాలుకకు హితవుగా ఉండదు. ఈ సంగతి తెలిసిన చేయి ఆ రెండింటినీ కలిపింది. అది తోచక చేసిన పని కాదు, వంట తెలిసి చేసిన పని. గోదావరి జిల్లాల్లో పెళ్ళి విందుల్లో వడ్డించే కందాబచ్చలిలో ఉన్నదీ ఇదే మర్మం. అక్కడ బచ్చలీ చింతపులుసూ కలిస్తే విందు, పలనాటిలో బచ్చలీ చింతచిగురూ కలిస్తే కార్చిచ్చు! ఇంకొకటి, పద్యంలో ఆ కూర ఉడుకుది. రాత్రి మిగిలింది తెచ్చి పెట్టలేదు. వచ్చినవాడి కోసం అప్పుడే పొయ్యి మీదనుంచి దించిన కూర వేశారు.

అంటే కవి ఫిర్యాదు చిగురు మీదా కాదు, బచ్చలి మీదా కాదు. జొన్న మీద. కొండవీటి రెడ్ల కొలువులో సన్నబియ్యపు అన్నం తిన్నవాడు, విందుల వర్ణనకు పేరుపడ్డవాడు, నీటివసతి లేని నేలకు వచ్చి, అక్కడి జనం పండించుకొనేదాన్ని వాళ్ళు పెడితే తిన్నాడు. ముద్ద దిగలేదు. దిగకపోవడం తప్పు కాదు, అలవాటు లేనిది దిగదు. నాకూ ఈ దేశం వచ్చిన మొదటి వారంలో ఆఫీసు మిత్రులు ప్రేమగా పెట్టింది దిగలేదు. కాని నేను దాని మీద పద్యం చెప్పలేదు (చెప్పడం చేతకాకపోవడం కూడా ఒక కారణం). కవి పెట్టిన కూరను చెప్పాడు, మింగలేని తన గొంతును చెప్పాడు. పెట్టిన చేతిని చెప్పలేదు. పద్యంలో నేను పట్టుకొనే లోపం ఇది ఒక్కటే, దీన్ని చిన్నదిగా నేను అనుకోను.

ఇదే శ్రీనాథుడి పేరుతో పలనాటివీరచరిత్ర కూడా ఉంది. పల్లెజనం పాడుకొనే ద్విపదలో ఆ నేల వీరులను కీర్తించిన కావ్యం. వీరులు తిన్నదీ ఆ జొన్నకూడే అయి ఉండాలి. ఒకే కవి రెండూ చెప్పాడా, ఇద్దరు చెప్పారా అన్నది పండితులు తేల్చుకోవలసిన విషయం. మనం గుర్తుపెట్టుకొన్నది మాత్రం ఎక్కువగా వెక్కిరింతనే. సభల్లో చదివేది దాన్నే. పలనాటివారమే లేచి నిలబడి మరీ చదువుతాం. ఎందుకని ఆలోచించాను. మనం ఆ కంచం దగ్గరనుంచి లేచి చాలా దూరం వచ్చామని నలుగురికీ తెలియాలన్న కోరిక దానిలో కొంత ఉన్నదని నాకు అనుమానం. నా సంగతి నేను చెప్పుకొంటున్నాను.

అదే ఆకును మరొక కవి ఎలా చూశాడో చెప్పి ముందుకు వెళతాను. భద్రాచల రామదాసు గోలకొండ బందిఖానాలో నుంచి రాముణ్ణి నిలదీస్తూ, ఎవరెవరికి ఏ నగలు చేయించాడో, దేనికెంత ఖర్చయిందో లెక్క అప్పగించిన కీర్తన అందరూ ఎరిగినదే. అందులో సీతమ్మకు చేయించినది చింతాకు పతకం. దానికి పదివేల మొహరీలు పట్టిందట. చిన్న చిన్న ఆకులు రెండు వరుసల్లో కూర్చిన ఆ రెమ్మను చూసి కంసాలి బంగారంలో పోతపోశాడు. ఒక కవికి గొంతు దిగని ఆకు మరొక కవికి సీతమ్మ మెడలోకి తగిన ఆకు అయింది. చమత్కారం కోసం ఈ రెండింటినీ పక్కపక్కన పెట్టడం లేదు. తెలుగు కవిత్వంలో చింతకు అవమానమే గాని మర్యాద జరగలేదన్న మాటకు ఇది జవాబు.

సామెతల్లోనూ అంతే. చింత చచ్చినా పులుపు చావలేదని ముసలివారిని ఎత్తిపొడవడానికి వాడతాం. మాటలోని పరిశీలన మాత్రం తిరుగులేనిది. చాలా పండ్లలో పండేకొద్దీ పులుపు తగ్గుతుంది. చింతలో తీపి పెరుగుతుందే గాని టార్టారిక్ ఆమ్లం దాదాపు అలాగే నిలిచి ఉంటుంది. ఎండినా, ఏడాది కుండలో ఉన్నా అది ఎగిరిపోయే ఆమ్లం కాదు. మనలో రసాయనశాస్త్రం వారు నన్ను దిద్దవచ్చు గాని, ఆ సామెత చేసినవాడిని దిద్దలేరు.

దయ్యాల విషయంలో చింతకు అన్యాయం జరిగిన మాట నిజం. పిల్లల కథల్లో, సినిమాల్లో దయ్యానికి ఇల్లు చూపించవలసివస్తే చింతచెట్టే. రాత్రిపూట దాని ఆకులు ముడుచుకొంటాయి, నీడ చిక్కగా ఉంటుంది, కింద పడుకొంటే మంచిది కాదని పెద్దలు చెబుతారు. అంతవరకు సరే. కాని తమిళదేశంలో ఆళ్వార్ తిరునగరిలో నమ్మాళ్వారు కూర్చొన్నది చింతచెట్టు తొర్రలో. ఆ చెట్టును నిద్రపోని చింత అని పిలుస్తారు. హైదరాబాదులో 1908 సెప్టెంబరు 28న మూసీ పొంగి వేలమందిని పొట్టన పెట్టుకొన్ననాడు, అఫ్జల్‌గంజ్ దగ్గర ఒక చింతచెట్టు కొమ్మలు పట్టుకొని నూటయాభై మంది దాకా బతికారు. ఉర్దూ కవి అమ్జద్ హైదరాబాదీ ఆ వరదలోనే తల్లినీ భార్యనూ కూతురినీ పోగొట్టుకొన్నాడు. ఆ చెట్టు ఉస్మానియా ఆసుపత్రి ఆవరణలో నిలిచి ఉంది. మన డాక్టర్లలో కొందరు దాని పక్కనుంచి ఐదేళ్ళు నడిచి చదువుకొన్నవారే. వారిలో ఒకరు దాని మీద ఒక కవిత వ్రాస్తే, పై సంవత్సరం కోయిలకు కాస్త విశ్రాంతి దొరుకుతుంది.

ఒక పోలిక మాత్రం వాడవద్దని మనవి. చింత పుట్టుక ఆఫ్రికా అని వృక్షశాస్త్రజ్ఞులు చెబుతారు. అరబ్బులు దాన్ని హిందూదేశపు ఖర్జూరం అన్నారు, ఆ తమర్ హిందీయే ఇంగ్లీషు వారి నోట టామరిండ్ అయింది. ఇది తెలియగానే మనవాళ్ళు లేచి "మనమూ చింతచెట్టులాంటి వాళ్ళమే, ఎక్కడో పుట్టి ఎక్కడో వేళ్ళూనుకొన్నాం" అంటారు. ఇప్పటికి మూడు వార్షికోత్సవాల్లో విన్నాను. ఆ చెట్టు వేల యేళ్ళ కిందట వచ్చి, ఊళ్ళకు తన పేరు పెట్టించుకొంది. చింతలపూడి, చింతపల్లి, చింతకాని. మనం వచ్చి ఎన్నాళ్ళయింది? పైగా ఈ మంచులో చింత ఒక్క శీతాకాలం బతకదు. పోలిక తెచ్చేముందు మొక్కను తెచ్చి చూడాలి. నేను తెచ్చి చూశాను. గింజ మొలిచింది, కుండీలో కిటికీ పక్కన జానెడు పెరిగింది, జనవరిలో ఆకు రాల్చింది, మళ్ళీ తొడగలేదు.

ఇంగ్లీషులో వచ్చే మన వంటపుస్తకాలను గురించి కూడా ఒక మాట. వాటినీ నేను అనువాద సాహిత్యంగానే చదువుతాను. "చింతపండు దొరకకపోతే నిమ్మరసం వాడవచ్చు" అన్న వాక్యం ఎన్నిటిలోనో కనబడుతుంది. దొరకనప్పుడు ఏదైనా వాడవచ్చు. కాని నిమ్మకాయ పులిహోర వేరే వంటకం, దాని మర్యాద దానిది. నిమ్మరసం పొయ్యి దించాక పిండుతాం, ఎక్కువ కాగితే చేదెక్కుతుంది. చింతపులుసు మరగాలి, మరిగి నూనె తేలాలి. ఒకటి చివర చేరే రుచి, మరొకటి మొదటినుంచి ఉండే రుచి. ఇటువంటి అనువాదంలో పదానికి పదం ఉంటుంది గాని వాక్యం నిలబడదు. తెలుగు పుస్తకాల్లో "నిమ్మకాయంత చింతపండు" అని వ్రాసేవారు. చెంచాల్లోకి మార్చగానే ఆ కొలత పోయింది, చేయి కూడా పోయింది. సీసాలో వచ్చే నల్లని ముద్ద మీద నాకు కోపం లేదు, వారం మధ్యలో అదే మనలను కాపాడుతున్నది. ఆదివారమైనా పండు నానబెట్టి పిసకమని నా సలహా. మెక్సికోవారి అంగళ్ళలో టామరిండో అని అడిగితే పెంకుతో సహా కాయలే ఇస్తారు. మన పిల్లలు పెంకు ఒలిచి, గింజలు ఏరి వామనగుంటలు ఆడవచ్చు. మన ముందుగదుల్లో అద్దాల బీరువాలో పెట్టుకొన్న కొండపల్లి బొమ్మల అతుకులను పట్టి ఉంచేది కూడా ఈ గింజల పొడితో చేసిన మక్కే అని వాళ్ళకు చెప్పవచ్చు.

పొట్లం మీద అంగడి పేరు ఉంటుంది, తూకం ఉంటుంది. చెట్టెక్కినవారి పేరు ఉండదు. విశాఖ ఏజెన్సీలో కొండజనం చెట్లు దులిపి, ఎండబెట్టి, కావడి మీద మోసుకొని సంతకు తెచ్చే పండు అది. వాళ్ళను షావుకార్లు తూకంలో మోసగించకుండా కొనడానికే 1956లో గిరిజన కార్పొరేషన్ పెట్టారు. అమ్మ వేసిన ప్రశ్న ఆ రోజునుంచి నన్ను ఇలాంటి చోట్లలో కూడా పట్టుకొంటున్నది.

సభ మరునాడు మా అమ్మాయి ఒక చిక్కు తెచ్చిపెట్టింది. దానికి పదకొండేళ్ళు. నాయనమ్మ వంట మీద పద్యం ఉన్నదన్న సంగతి దానికి మహా గొప్పగా ఉంది. స్కూల్లో స్నేహితులకు చెప్పిందట, మా నాయనమ్మ చేసే కూర మీద ఆరువందల యేళ్ళ కిందట ఒక పెద్ద కవి పద్యం వ్రాశాడని. అందరూ ఎందుకు నవ్వారో దానికి తెలియదు, సంతోషంతో నవ్వారనుకొంది. పద్యం నేర్పమని పట్టుబట్టింది. రోజుకు ఒక పాదం చొప్పున నేర్పాను. ఇప్పుడు తప్పు లేకుండా చదువుతుంది, యతి దగ్గర ఆగుతుంది. నాయనమ్మ పక్కన కూర్చొని వినిపిస్తుంది, ఆమె "మళ్ళీ చదువు" అంటుంది. తాత్పర్యం ఇంకా చెప్పలేదు. చెప్పకపోతే మోసం చేసినట్లవుతుంది. చెబితే, ఆ కూర వైపు అది రేపు ఎలా చూస్తుందో తెలియదు. శ్రీనాథుడు కృష్ణుణ్ణి అడిగినదానికంటె కష్టమైన ముద్ద ఇది.

అమ్మను అడిగాను, చెప్పమంటావా అని. "చెప్పు, దానికేం" అంది. "ఆయనకు ఆ పూట ఆకలి లేదని చెప్పు." ఈ పద్యం మీద ఇంతకన్న మంచి వ్యాఖ్య నాకు ఇంకా దొరకలేదు. అట్లా అని దీన్నే అసలు తాత్పర్యంగా చెప్పడానికి మనసొప్పడం లేదు. పద్యం వెక్కిరిస్తున్నది, ఆ వెక్కిరింత బాగుంది, అది మన ఇంటి మీదే. ఈ మూడూ పదకొండేళ్ళ పిల్లకు ఒకేసారి చెప్పగలిగిన మాట దొరికిననాడు చెబుతాను. పాఠకుల్లో ఎవరికైనా దొరికితే నాకు వ్రాయండి.

వచ్చే నెల గోష్ఠి మా ఇంట్లో. బచ్చలి మా వరండా కుండీల్లో ఈసారి బాగా పాకింది. ఈ దేశంలో జొన్నను కాన్సాస్ వైపు ఎక్కువగా పశువుల దాణాకు పండిస్తారు గాని, వెతికితే పిండీ గింజలూ దొరుకుతున్నాయి. ఒక బస్తా తెప్పించాను. పచ్చి చింతచిగురు మాత్రం ఎక్కడా దొరకలేదు. దాని బదులు అమ్మ తెచ్చిన పాత చింతకాయపచ్చడి ఉంది, నాలుగేళ్ళది, నల్లగా నిగనిగలాడుతున్నది. యువమిత్రుడూ, చాటువు చదివిన మిత్రుడూ తప్పక రావాలని మా అమ్మ మరీ మరీ చెప్పమంది. అన్నం కూడా వండుతాం.